పశ్చిమ ప్రకాశంలో పేర్ల పుట్టుక

మార్కాపురం, గిద్దలూరు, కంభం వైపు పాత తరం పేర్లు నిఘంటువు చూసి పెట్టినవి కావు. ఊరి దేవుడు, మొక్కుకున్న పీరు, పుట్టిన బిడ్డ దక్కదేమోనన్న భయం, వీటిలో ఏదో ఒకటి పేరు పెట్టించేది. కాబట్టి ఇక్కడి పేరుకు అర్థం చెప్పడం ఒక పని, అది ఎందుకు వచ్చిందో తేల్చడం మరో పని. నేటి పేర్ల పుస్తకాలు ఈ రెండింటినీ కలిపేసి, దొరికిన ప్రతి పేరుకూ ఒక సంస్కృత ధాతువును అంటగడుతుంటాయి.

మార్కాపురంలో కొలువైనవాడు లక్ష్మీ చెన్నకేశవస్వామి. చెన్నకేశవులు, చెన్నయ్య, చెన్నమ్మ ఆయన పేరిట వచ్చినవే. కేశవ సంస్కృతమే గానీ, చెన్న మాత్రం అందమని అర్థమిచ్చే దేశ్యపదం. కన్నడంలోనూ ఉంది, బేలూరు స్వామికీ అదే పేరు. శివుడి పేర్లకైతే త్రిపురాంతకంలో శాసనాలే సాక్ష్యం. అక్కడ 1290లో శాసనం వేయించిన కాయస్థ అంబదేవుడికి ముందు ఏలిన సోదరుడి పేరు త్రిపురారి. శివుడి ఈ పేర్లు మనుషులకు పెట్టుకోవడం ఏడు వందల ఏళ్ల కిందటికే ఉందని దీన్ని బట్టి తెలుస్తుంది.

తప్పటడుగు ఎక్కువగా పడేది దస్తగిరి దగ్గర. చివర గిరి వినబడగానే కొండ అనేస్తారు. అది పారసీ మాట. దస్త్ అంటే చేయి, దస్త్‌గీర్ అంటే చేయి పట్టి ఆదుకునేవాడు. దస్తీ, దస్తావేజుల్లో ఉన్నదీ ఆ చేయే. 1166లో బాగ్దాదులో కన్నుమూసిన సూఫీ గురువు అబ్దుల్ ఖాదిర్ జీలానీకి అది బిరుదు. ఆ పేరు ముస్లిముల ఇళ్లతోపాటు హిందువుల ఇళ్లలోనూ ఉంది. మస్తానమ్మ, హుస్సేనయ్య కూడా అంతే, దర్గా మొక్కు, పీర్ల పండుగ వాటికి మూలం. కాశయ్య, ఖాసిం చెవికి దగ్గరగా వినిపించినా మొదటిది కాశీ క్షేత్రం, రెండోది అరబ్బీ.

పుల్లయ్య పేరుకు ఏ నిఘంటువూ సరిపోదు. వరసగా బిడ్డలు పోయిన ఇంట్లో, మళ్లీ పుట్టిన పసికందును భోజనాలయ్యాక తీసేసిన ఎంగిలి విస్తరాకుల్లో పొర్లించి ఆ పేరు పెట్టేవారు. ఎంగిలాకు మీద మృత్యువుకు కన్ను పడదని నమ్మకం. పెంట మీద దొర్లిస్తే పెంటయ్య. పిచ్చయ్యలో ఉన్నది పిచ్చి కాదు, బిచ్చం. తమిళంలో పిచ్చై అంటే ఇప్పటికీ భిక్షే. బడిలో చేర్చేటప్పుడు ఇలాంటి పేర్లకు సిగ్గుపడి మార్చుకున్నవారున్నారు, దాంతో ఒక కుటుంబం పడ్డ దుఃఖానికి ఉన్న ఆనవాలు కూడా పోయింది.

సరిచూడాలంటే ముందు మాట ఏ భాషదో తేల్చాలి. దేశ్యపదాలకు 1852 నాటి బ్రౌన్ నిఘంటువు, 1885 నాటి శబ్దరత్నాకరం పనికొస్తాయి. ఇతర ద్రావిడ భాషలతో పోల్చడానికి బరో, ఎమెనో 1961లో వెలువరించిన వ్యుత్పత్తి నిఘంటువు ఉంది. ఆపైన ఊరి గుడి, దర్గా, ఇంటి మొక్కు అడిగి తెలుసుకోవాలి. 1970లో ప్రకాశం జిల్లా ఏర్పడేదాకా మార్కాపురం, గిద్దలూరు తాలూకాలు కర్నూలు జిల్లాలోవి, అందువల్ల పాత దస్త్రాలు ఆ జిల్లా పేరు మీదే వెతకాలి.

ఇటీవలి పేర్లది వేరే దారి. అశ్వినికి చు, చే, చో, ల అన్నట్టు నక్షత్రం అక్షరాన్ని ఇస్తుంది, దాని చుట్టూ కొత్త పేరు అల్లుతారు, అర్థం ఆ తర్వాత వెతుకుతారు. అలాంటి పేరు ఏ భాషలోనూ దొరకకపోతే అది కొత్తగా కూర్చినదని రాయడమే సరైన వ్యుత్పత్తి.