జడ పందెం

పెళ్లి సంగీత్‌లో గానీ, ఆఫీసు యాన్యువల్ డేలో గానీ నలుగురు మగాళ్లు చీరలు కట్టుకుని స్టేజీ ఎక్కారంటే హాలు గొల్లుమంటుంది. స్టెప్పు పడకముందే నవ్వు పడిపోతుంది. థీమ్ పార్టీ చేసేవాళ్లకి ఇది గ్యారంటీ ఐటెమ్. మా జగ్గయ్యపేట, నందిగామ వైపు తిరునాళ్ల స్టేజీల మీదా ఇదే వరస, రికార్డింగ్ డాన్సు మధ్యలో ఆడవేషం ఒక జోకు.

నందిగామ నుంచి హైవే పట్టుకుని విజయవాడ దాటి డెల్టాలోకి దిగితే కూచిపూడి వస్తుంది. మెట్ట నుంచి వంద కిలోమీటర్లు, అటూ ఇటూ. అక్కడ తరతరాలుగా మగవాళ్లే సత్యభామ కట్టారు. అక్కడ నవ్వు లేదని కాదు, ఉంది. కానీ అది మాధవి వాటా. సూత్రధారుడే మాధవుడై కృష్ణుడి పక్షాన మాట్లాడి, మరుక్షణం మాధవిగా మారి భామని ఆటపట్టిస్తాడు. భామని చూసి మాత్రం ఎవరూ నవ్వరు.

ఆ ప్రవేశం ఎలా ఉండేదో ఊహించండి. ఇద్దరు తెర పట్టుకుని నిలబడతారు. కాగడా మీద గుగ్గిలం పొడి చల్లితే ఒక్కసారి భగ్గుమని వెలుగు. తెర మీదుగా ముందు జడ పడుతుంది. మనిషి ఇంకా కనిపించలేదు, జడే వచ్చింది. అది సవాలు: నా విద్యలో నన్ను ఓడించగలిగినవాళ్లు ఈ జడ కోసుకోవచ్చు అని. ఓ మగాడు పెట్టుకున్న సవరం మీద ఇంత పరువు పందెం కాయడం నాకైతే ఇప్పటికీ ఆశ్చర్యమే.

సిద్ధేంద్ర యోగి ఊళ్లోని బ్రాహ్మణ కుటుంబాల మగపిల్లలందరి చేతా జీవితంలో ఒక్కసారైనా భామ వేషం వేస్తామని ప్రమాణం చేయించాడని ఐతిహ్యం. గోల్కొండ తానీషా ఆ ఊరిని వాళ్లకి అగ్రహారంగా ఇచ్చాడనీ చెబుతారు. ఈ వరసలో ఇరవయ్యో శతాబ్దపు పెద్ద పేరు వేదాంతం సత్యనారాయణ శర్మ. భామ, ఉష ఆయన పేరుమోసిన వేషాలు. 1970లో పద్మశ్రీ వచ్చింది. నాటకం వైపు స్థానం నరసింహారావు ఉన్నారు గానీ, ఆయనది వేరే కథ.

ఇక్కడిదాకా చెప్పి ఆపితే అందమైన కథ. కానీ ఆ తెర వెనక్కి ఆడవాళ్లకి ప్రవేశం లేదు. గోదావరి జిల్లాల్లో కళావంతులు కూడా భామాకలాపం ఆడేవాళ్లు. 1947 మద్రాసు దేవదాసీ చట్టం నాటికే వాళ్ల ఆట మీద మచ్చ పడింది. అదే కథ, అదే భామ. ఒకళ్లు ఆడితే సంప్రదాయం, ఇంకొకళ్లు ఆడితే నిషేధం. హర్షిత మృతింటి కామత్ 2019లో తెచ్చిన ‘ఇంపర్సనేషన్స్’ పుస్తకం ఈ ముడినే విప్పుతుంది: కూచిపూడి మగాడికి ఆడవేషం పరువు తీసేది కాదు, పరువు ఇచ్చేది. కులం, ఊరు, వంశం మూడూ ఆ జడలో ఉన్నాయి. మన సంగీత్ కుర్రాడి దగ్గర అవేవీ లేవు కాబట్టే నవ్వుకి దొరికిపోతాడు అనిపిస్తుంది నాకు.

వేదాంతం లక్ష్మీనారాయణ శాస్త్రి ఆడపిల్లలకి నేర్పడం మొదలుపెట్టారు. వెంపటి చినసత్యం మద్రాసులో 1963లో అకాడెమీ పెట్టారు. ఆయన శిష్యురాలు శోభానాయుడు భామగా దేశమంతా తిరిగింది. ఇప్పుడు సిటీలో ఏ డాన్స్ క్లాసు తలుపు తీసినా లోపల దాదాపు అందరూ అమ్మాయిలే. భామ కట్టే మగాడే అరుదు. కట్టినా ‘అబ్బ, అచ్చం ఆడదానిలాగే ఉన్నాడు’ అనే మెచ్చుకోలు. శర్మగారిని కూడా ఇలాగే మెచ్చుకునేవాళ్లు. అసలు విద్యని పక్కనపెట్టే మెచ్చుకోలు అది. ముఖం తిప్పడంలో, మెడ వంపులో, కోపంలోంచి బేలతనంలోకి జారే ఆ రెండు క్షణాల్లో ఉంది ఆయన పని. పోలిక దానికి పైపూత.

2022లో జిల్లాలు విడగొట్టినప్పుడు జగ్గయ్యపేట, నందిగామ ఎన్టీఆర్ జిల్లాలోకి వెళ్లాయి, కూచిపూడి కృష్ణాలో ఉండిపోయింది. పెళ్లిళ్ల సీజన్‌లో మా వైపు కొరియోగ్రాఫర్లు ఇంకా చీర ఐటెమ్ నేర్పిస్తూనే ఉన్నారు. సవరం అద్దెకి తెస్తారు, స్టేజీ ఎక్కగానే మొదట ఊడేదీ అదే.