రఘుపతి వెంకయ్యగారి తెర

తోలుబొమ్మలాట నెరుగని తెలుగువారు లేరు. తెల్లని తెర, వెనుక దీపము, ఆ రెంటి నడుమ నొక కుటుంబము. తోలు చెక్కి రంగులు వేసినవారే ఆ బొమ్మకు గొంతు నిత్తురు. రావణుడై గర్జించుటయు, సీతయై యేడ్చుటయు వారే. పాశ్చాత్య యంత్రము వచ్చిన పిమ్మట మనదేశమున బొమ్మలకు ప్రాణము పోసినవారును తొలుత నిట్టి యింటిమనుష్యులేగాని ధనిక వర్తకులు కారు. ఫాల్కేగారు బఠానీమొక్క పెరుగుదలను దినమున కొక్క చిత్రముగా నెలకు పైబడి తీసి, మొలక తెరమీద కన్నులయెదుట నెదుగునట్లు చూపిరి. అగ్గిపుల్లలు తమంత తామే కదలాడునట్లును వారొక చిత్రము తీసిరి. తెలుగువారిలో ఆ పంక్తికి చెందినవారు బందరున 1869లో జన్మించిన రఘుపతి వెంకయ్యగారు.

ఆ బందరు ఎట్టిదో తలచుకొనవలెను. 1864 నవంబరు 1వ తేదీ రాత్రి ఉప్పెన వచ్చి సుమారు 30,000 మందిని పొట్టబెట్టుకొన్నది. రేవువ్యాపారము అంతకుముందే క్షీణించుచుండెను. వెంకయ్యగారు పుట్టునాటి కాయూరికి మిగిలినది పూర్వవైభవపు పేరు, కలంకారీ అద్దకము. బొమ్మలయందు చేయి తిరిగిన యీ బాలుడు పదునేడవయేట మద్రాసు చేరి, మౌంటురోడ్డున ఫొటోగ్రాఫరుగా పేరు గడించెను.

అంతటితో తృప్తిపడియున్నచో సుఖముగా జీవించియుండును. కాని 1910 ప్రాంతమున క్రోనోమెగాఫోను అను యంత్రము మద్రాసు వచ్చినది. తెరమీద పొట్టిచిత్రము నడచుచుండగా గ్రామఫోనుపళ్లెము దానికి గొంతు నిచ్చును. పళ్లెము తడబడెనా, పెదవి యొకటి, పలుకొకటి! వెంకయ్యగారు తమ స్టూడియోను తాకట్టుపెట్టి ఆ యంత్రమును కొనిరి. దాని వెల 30,000 రూపాయలందురు. ఆ దినములలో నది యొక సంసారము తరతరములు బ్రదుకదగిన సొమ్ము. పిదప డేరాలతో బెంగుళూరు, బెజవాడ, సింహళము, రంగూను తిరిగిరి. తుదకు మద్రాసున గెయిటీ థియేటరును, అటుపై క్రౌను, గ్లోబులను కట్టించిరి.

కుమారుడు ప్రకాశ్‌గారిని విదేశములకు పంపి చిత్రనిర్మాణము నేర్పించిరి. 1921లో తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్టు అను తమ సంస్థ పేరిట ‘భీష్మప్రతిజ్ఞ’ను తీసిరి. అది మూకీ. భీష్మవేషము ప్రకాశ్‌గారిదే. గంగవేషము ధరించినది మాత్రము తెలుగింటి యాడుబిడ్డ కాదు, పెగ్గీ కాస్టెల్లో యను దొరసాని. కారణమునకై దూరము పోనక్కరలేదు. బందరుకు సమీపముననున్న కూచిపూడిలో సత్యభామ జడను మగవారే తరతరములుగా ధరించిరి. గుడివాడ ప్రాంతమున పుట్టిన అక్కినేని నాగేశ్వరరావుగారు సైతము నాటకరంగమున మొదట స్త్రీవేషములతోనే పేరొందిరి. ఆ నటుల నైపుణ్యమును నేను తక్కువ చేయుటలేదు. అయినను గంగమ్మకు ఇంటింట మ్రొక్కు మనము, గంగవేషమునకు మన పిల్ల తెరపై కనబడిన కులము చెడునని తలచిన జాతివారము. మూకీ గనుక సరిపోయినది. గంగ నోరు విప్పవలసివచ్చియున్నచో నాటి మన మర్యాద ఎట్లు నిలిచియుండెడిదో!

ఇందు వెంకయ్యగారి లోపమేమియు లేదు. సంఘము తన బిడ్డలను పంపనపుడు దొరికినవారితో పని సాగించిరి. సొంత కుమారుని తెరపై నిలిపి, సొంత సొమ్మును ఒడ్డి తీసిన చిత్రమది. ఫాల్కేగారి యింట భార్య సరస్వతీబాయి చిత్రపు పనులకు చేయి కలిపినట్లే, ఇచట తండ్రికి కొడుకు తోడయ్యెను. ఇంటివారిని పెట్టుబడిగా పెట్టిన చిత్రములో జయమైనను, నష్టమైనను ఇంటిలోనికే వచ్చును. వెంకయ్యగారికి వచ్చినది నష్టమే. థియేటరులు పరుల పాలయ్యెను. 1932లో ‘భక్తప్రహ్లాద’ తెలుగున మాటలాడగా, పళ్లెపుగొంతుతో బొమ్మను పలికించుటకై తొలుత ఇల్లు గుల్లచేసికొన్న యీ పెద్దమనుష్యుడు అప్పటికింకను జీవించియే యుండెను. 1941లో స్వర్గస్థులైరి.

ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము వారి పేరిట చిత్రరంగమున నొక ఘనమైన బహుమానము నేర్పరచినది. ‘భీష్మప్రతిజ్ఞ’ ప్రతి మాత్రము దొరకలేదు. తోలుబొమ్మ చిరిగిన కుట్టుకొని మరల నాడింతురు. ఆ నాటి ఫిల్ము నిప్పంటిన క్షణములో బూడిదయగు పదార్థము.