మనోవర్తి బకాయిల విడతల చెల్లింపు

భార్యకో, పిల్లలకో, తల్లిదండ్రులకో నెలనెలా ఇవ్వమని కోర్టు ఆదేశించిన మనోవర్తి పేరుకుపోయినప్పుడు, ఆ మొత్తాన్ని కోర్టు ఒప్పుకున్న గడువుల్లో కొంచెం కొంచెంగా కట్టే పద్ధతి ఇది. కట్టే తీరు మారుతుంది గానీ బాకీలో రూపాయి కూడా తగ్గదు.

2024 జులై 1 నుంచి ఈ కేసులు భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 144–147 సెక్షన్ల కింద నడుస్తున్నాయి. అయినా పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ అంకెతో ‘125 కేసు’ అంటేనే జనానికి అర్థమవుతుంది. నంద్యాలలో కాపురం చేసి ఆళ్లగడ్డలోని పుట్టింటికి చేరిన మహిళ తానున్న చోటే కేసు వేసుకోవచ్చు. ఫ్యామిలీ కోర్టు పరిధిలోకి రాని ప్రాంతంలో ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ విచారిస్తారు. విడాకులు పొందిన ముస్లిం మహిళలకూ ఈ దారి ఉందని తెలంగాణ నుంచి వెళ్లిన కేసులో సుప్రీంకోర్టు 2024 జులై 10న స్పష్టం చేసింది.

సరైన కారణం లేకుండా డబ్బు కట్టకపోతే కోర్టు జరిమానా వసూలు చేసే పద్ధతిలోనే వారంట్ ఇస్తుంది. అప్పటికీ రాకపోతే నెల వరకు జైలు. జైలుకెళ్లొస్తే బాకీ మాఫీ అయిపోతుందని నమ్మే మగవాళ్లు చాలామంది ఉన్నారు. అది తప్పు. జైలు వసూలుకు ఒక సాధనమే, డబ్బు కడితేనే బాకీ తీరుతుందని కుల్దీప్ కౌర్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మహిళ గమనించాల్సిన గడువు కూడా ఒకటుంది: మొత్తం బాకీపడ్డ తేదీ నుంచి ఏడాదిలోగా వారంట్ కోసం దరఖాస్తు చేయాలి. ఆ ఏడాది దాటినా హక్కు పోదని, ఈ దగ్గరి దారి మాత్రమే మూసుకుపోతుందని 2013లో పూంగోడి కేసు తీర్పు చెప్పింది.

విడతలు ఇవ్వాలని ఈ సెక్షన్లలో విడిగా ఎక్కడా రాసి లేదు. భర్త తరఫు వకీలు అడుగుతారు, అవతలి పక్షం మాట విని కోర్టు తన విచక్షణతో నిర్ణయిస్తుంది. అసలు చిక్కు లెక్కలో ఉంటుంది. నెలకు 5,000 చొప్పున 12 నెలలు ఆగితే బకాయి 60,000. దాన్ని పది విడతలు చేస్తే నెలకు 6,000. దాంతోపాటు ఆ నెల మనోవర్తి 5,000 కూడా కలిపి 11,000 కట్టాలి. నడుస్తున్న నెల సంగతి ఉత్తర్వులో రాయించుకోకపోతే, పాత బాకీ తీరేలోపు కొత్త బాకీ తయారవుతుంది. పిల్లల స్కూలు ఫీజు మాత్రం ఎవరి కోసమూ ఆగదు. అందుకే ఒక్క విడత తప్పినా మిగతా మొత్తానికి మళ్లీ వారంట్ వచ్చేలా షరతు పెట్టమని అడగడం మహిళకు మేలు.

నెల జీతం వచ్చేవాడైతే ఆదాయం జీతపు చీటీలో కనిపిస్తుంది. నంద్యాల చుట్టుపక్కల వరి, శనగ రైతుకు పంట అమ్మితేనే డబ్బు. ఆళ్లగడ్డ శిల్పికి విగ్రహానికి ఆర్డరు దొరికితేనే అడ్వాన్సు. పంట చేతికొచ్చే నెలలో పెద్ద విడత, మిగతా నెలల్లో చిన్నది పెట్టడం ఇలాంటివారి విషయంలో న్యాయంగా ఉంటుంది. కానీ ఆదాయం లేదన్న మాట నోటితో చెబితే చాలదు. 2020 నవంబర్ 4 నాటి రజనీశ్ వర్సెస్ నేహా తీర్పు ప్రకారం ఇరుపక్షాలూ ఆస్తులు, అప్పులు చూపే అఫిడవిట్ దాఖలు చేయాలి. మనోవర్తిని దరఖాస్తు వేసిన తేదీ నుంచే లెక్కించాలని చెప్పిందీ ఆ తీర్పే. ఒక్కోసారి మొదటి ఉత్తర్వు నాటికే పెద్ద బకాయి నిలబడటానికి కారణం అదే.

లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే ఆ అవార్డుకు డిక్రీతో సమానమైన బలం ఉంటుంది, దానిపై అప్పీలు ఉండదు. కాబట్టి సంతకం చేసేముందు విడతల తేదీలు, బ్యాంకు ఖాతా నంబరు చదివి చూసుకోవాలి. నగదు చేతికిస్తే రసీదు తీసుకోవాలి. మహిళలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం పొందే హక్కు 1987 నాటి లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం ఇచ్చింది. అందుకు 15100 నంబరుకు ఫోన్ చేయవచ్చు.