బొమ్మలు చెప్పిన కథలు



బొమ్మను చూపి కథ చెప్పుట మనకు క్రొత్త విద్య కాదు. చలనచిత్రములు పుట్టక పూర్వమే మన పల్లెలలో బొమ్మలు ఒకదాని వెంట నొకటి వచ్చి కథ నడిపినవి. జపాను దేశమునను అట్టి విద్య యొకటి యుండెను. రెండు చోట్లను పాత ఆశ్రయము సడలినది. పిమ్మట నేమి జరిగినదో పోల్చి చూచుటయే నేటి ప్రసంగము.

మొదట మన సంగతి. జనగామకు చేరువనున్న చేర్యాల 2016 వరకు వరంగల్లు జిల్లాలోనిది. ఇప్పుడు సిద్ధిపేట జిల్లాలోనిది. అచ్చటి నకాషీలు ఖద్దరు గుడ్డకు గంజియు, సుద్దమట్టియు, చింతగింజల అంబలియు, తుమ్మజిగురును పట్టించి, ఆరబెట్టి, ఎఱ్ఱని రంగు పూసిన నేలపై బొమ్మలు వ్రాయుదురు. పటము వెడల్పు మూడడుగులు. పొడవు నలువది యడుగులకు మించుటయు కలదు. కథకుడు ఒక్కొక్క ఘట్టమును విప్పి చూపుచు పాడును. కూనపులివారు పద్మశాలీలకు మార్కండేయుని కథను, కాకిపడగలవారు ముదిరాజులకు పాండవుల కథను, డక్కలివారు మాదిగలకు జాంబపురాణమును వినిపించిరి. ఏ యూరు ఎవరి మిరాసియో ముందే నిర్ణయమై యుండెడిది. జీర్ణమైన పటమును పారవేయక, భక్తితో నీటిలో విడిచెడివారు.

గోదావరి వైపు అడవిసీమలో కోయల ఇలవేల్పుల పడిగెలున్నవి. వస్త్రముపైనున్న ఆ రూపములను చూచి డోలీలు వంశకథలను పాడుదురు. సమ్మక్క సారలమ్మల గాథను అట్లు పాడిన సకిని రామచంద్రయ్యగారికి 2022లో పద్మశ్రీ లభించినది. 2024లో ఆయన స్వర్గస్థులైరి.

ఇక జపాను సంగతి. 1930 ప్రాంతమున అచ్చటి వీధులలో ‘కామిషిబాయి’ యను కాగితపు నాటకము బయలుదేరెను. కథకుడు సైకిలుపై కొయ్యపెట్టెను కట్టుకొని వచ్చి, పిల్లలకు మిఠాయిలమ్మి, పెట్టెలోని బొమ్మల అట్టలను ఒక్కొక్కటిగా లాగుచు కథ చెప్పెడివాడు. 1953లో ఆ దేశమున టెలివిజన్ ప్రసారములు మొదలైనవి. క్రమముగా ఆ సైకిళ్లు వీధులనుండి తొలగినవి. అయినను విద్య చావలేదు. మిజుకి షిగెరు వంటి చిత్రకారులు ఆ అట్టలను విడిచి బొమ్మల కథల పుస్తకములకు మరలిరి. 1956లో యోకొయామా మిత్సుతెరు ‘తెత్సుజిన్ 28’ అను కథను ఆరంభించెను. యుద్ధమునకై నిర్మింపబడిన మహాకాయుడగు ఇనుప మనిషి, తరువాత ఒక బాలుని చేతిలోని మీటకు లోబడి నడచుట అందలి కథ. 1963లో అది కదలు బొమ్మలుగా టెలివిజన్‌కెక్కినది.

ఈ త్రోవలో చెప్పదగినవాడు తొమినో యోషియుకి. ఆయన 1941లో ఓదావారా పట్టణమున జన్మించెను. 1964లో తెజుకా ఒసాము స్థాపించిన ముషి చిత్రశాలలో చేరి, ఏ దృశ్యము వెనుక ఏ దృశ్యము రావలెనో చిన్న చిన్న గడులలో ముందుగా గీచి చూపు పనిలో చేయి తిరిగినవాడయ్యెను. మన పటములోని ఘట్టముల వరుస వంటిదే యది. 1979 ఏప్రిలులో ఆయన దర్శకత్వమున ‘గుండం’ అను కథ ప్రసారమైనది. ఇనుప మనుషుల ఆటబొమ్మలు అమ్ముడుపోవలెనని ఒక ఆటబొమ్మల సంస్థ దానికి ధనమిచ్చినది. అంతకు ముందటి అట్టి కథలలో శత్రువు తఱచుగా రాక్షసుడు. తొమినో ఇరుపక్షములను మనుష్యులనే చేసెను. ఆకాశమున కట్టుకొన్న వలసలకును భూలోకమునకును జరిగిన యుద్ధమది. అందు శత్రుపక్షమువాడును కన్నకొడుకును పోగొట్టుకొని విలపించును. చూచువారు తగినంతమంది లేరని, 52 భాగములుగా తలపెట్టిన కథను 43 భాగములతో 1980 జనవరిలో ముగించిరి. పునఃప్రసారములలో మాత్రము జనము విరగబడి చూచిరి. 1981, 1982 సంవత్సరములలో అది మూడు చలనచిత్రములై వెలువడినది.

ఇందు గ్రహింపవలసినదేమి? మన నకాషీయు, ఆ తొమినోయు పరుల కోరికపై బొమ్మలు వ్రాసినవారే. కూలి కొఱకు వ్రాసినంత మాత్రమున విద్య చిన్నది కాదు. అయితే జపానులో బొమ్మ క్రొత్త పాత్రలోనికి మారునప్పుడు కథను వెంటబెట్టుకొని పోయినది. మన యొద్ద సినిమాలు, టెలివిజన్ వచ్చి ఊళ్లలో పటము కట్టించువారు తగ్గగా, నకాషీలు చిన్న చిన్న చట్రములు, మొగముల బొమ్మలు చేసి విద్యను నిలుపుకొనిరి. వారి ఓర్పునకు నమస్కరింపవలసినదే. కాని నగరపు గోడకు వ్రేలాడు బొమ్మ ప్రక్కన పాడువాడు లేడు. ఎఱ్ఱని నేలపై నిలిచిన వీరుడెవ్వడో ఆ యింటి బిడ్డకు తెలియదు.

కావున పెద్దలకు నా మనవి యొక్కటే. మీ యూరికి పటము వచ్చిన కాలమున విన్న కథ మీలో కొందరికి జ్ఞాపకముండును. దానిని మనుమల చేత వ్రాయింపుడు. మిరాసికథకుని వంశమువారు ఎచ్చటనైనను మిగిలియున్న, ఒక్క రాత్రి పిలిచి పాడింపుడు. చిన్నవాండ్రను ముందు వరుసలో కూర్చుండబెట్టుడు. వారిలో ఎవ్వడైనను రేపు ఆ కథను కదలు బొమ్మగా మలచవచ్చును. కథయే వినని వాడు దేనిని మలచును?