బ్రేకు లేని పందెము

మోటారు సైకిలు కొనువారు మొదట పరీక్షించునది బ్రేకు. ఆ బ్రేకే లేని బండ్లతో ఐరోపాలో జరుగు పందెములను స్పీడ్‌వే, లాంగ్‌ట్రాక్ అందురు. 500 సి.సి. యంత్రము మెథనాలుతో నడచును. మలుపు రాగానే రౌతు వెనుక చక్రమును ప్రక్కకు జార్చి, ఉక్కు తొడుగు వేసిన ఎడమపాదమును నేలకు ఆనించి బండిని త్రిప్పును. స్పీడ్‌వే బాట చిన్నది. లాంగ్‌ట్రాక్ బాట వేయి మీటర్ల వరకు నుండును. కావున అందు వేగము హెచ్చు, అపాయమును హెచ్చు.

ఈ విద్యలో హాలండుకు చిరకాలము పెద్దపేరు లేదు. 1987లో ఆమ్‌స్టర్‌డాము ఒలింపిక్ స్టేడియములో స్పీడ్‌వే ప్రపంచ అంతిమ పోటీ రెండు దినములు జరిగినది. ఆతిథ్యము హాలండుది, కిరీటము డెన్మార్కు వీరుడు హాన్స్ నీల్సనుది. 1971లో మొదలైన లాంగ్‌ట్రాక్ ప్రపంచ పోటీలలోను జర్మనీ, ఇంగ్లండు రౌతుల పేర్లే తఱచుగా వినవచ్చెను.

2015లో యానిక్ డి యోంగ్ ఆ లోటు తీర్చెను. లాంగ్‌ట్రాక్‌లో ప్రపంచ విజేతయైన మొదటి డచ్చివాడతడు. ఈ పోటీ ఒక్కనాటితో ముగియదు. వేర్వేరు ఊళ్ళ బాటలపై వచ్చిన పాయింట్లన్నియు కూడి విజేతను నిర్ణయింతురు. ఒకనాటి అదృష్టము అందు చాలదు. ఒకసారి జారిపడిన ఏడాది శ్రమ వృథా కావచ్చును.

ఆఱేండ్లకు, 2021లో, రొమానో హమ్మెల్ అదే కిరీటమును మఱల హాలండుకు తెచ్చెను. ముందు నడచినవాడు దారి చూపనిచో వెనుకవానికి అంత ధైర్యము కలిగెడిదా యని మేము తలపోయుచున్నాము.