నటుణ్ణి మించిన వేషం

నెదర్లాండ్స్ దేశంలో టెలివిజన్ ప్రసారాలు 1951లో ఆరంభమయ్యాయి. నాలుగేండ్లకే, 1955లో, స్వీబర్ట్యె అనే దేశదిమ్మరి కథలు పిల్లల కోసం ప్రసారం కాసాగాయి. వాటికి మూలం జాన్ హెన్రి ఔట్ డెన్ బోఖార్డ్ రచించిన పుస్తకాలు. ఆ దిమ్మరి వేషం ధరించినవాడు యోప్ డోడరర్ (1921-2005).

కథ స్వల్పమైనది. ఊరి రక్షకభటుడు బ్రొమ్స్నోర్ దిమ్మరిని తరుముతూ ఉంటాడు. మేయరు ఇంట పనిచేసే సార్త్యె అతనికి వంటింట్లో కాఫీ పోసి ఆదరిస్తుంది. అధికారం ఒకవంక, కరుణ మరొకవంక. నడుమ నిలువనీడ లేని మనిషి. చిన్నలూ పెద్దలూ అతనిని తమవాడనుకొన్నారు.

1975లో ఆ కథలు ముగిసేనాటికి ఇరవై ఏండ్లు గడిచాయి. తొలినాటి బాలలు తాము తల్లిదండ్రులైనారు. డోడరర్ ఏ వేషం కట్టినా ప్రేక్షకులకు దిమ్మరియే కనిపించాడు. ఆ ముద్రను తప్పించుకోవడానికి ఆయన కొంతకాలం ఇంగ్లండుకు తరలిపోవలసివచ్చింది. ఒక పాత్రతో నటుడు విడదీయరానంతగా ముడివడిపోవడాన్ని డచ్చివారు నేటికీ ‘స్వీబర్ట్యె ప్రభావం’ అంటారు.

తన పాత్ర పేరు మాతృభాషలో మాటగా నిలవడం ఏ నటునికైనా అరుదైన గౌరవమే. కాని మర్రి నీడలో మొక్క ఎదగదు. డోడరర్ నాటిన మర్రి ఆయన ఇతర వేషాలన్నిటినీ కప్పివేసింది.