పాత్రధారుల ఎంపిక: మేరియన్ డోహర్టీ కృషి

నాటకమైనా చలనచిత్రమైనా ప్రేక్షకుని కంటికి ముందుగా కనిపించేది నటుడే. ఆ నటుణ్ణి ఆ పాత్ర చెంతకు చేర్చినవారి పేరు మాత్రం చాలాకాలం మరుగుననే ఉండిపోయింది. దర్శకుడు, ఛాయాగ్రాహకుడు, కూర్పరి, సంగీత దర్శకుడు మొదలైన వారి సరసన పాత్రధారులను ఎంపిక చేసేవారికి చోటు దక్కడానికి దశాబ్దాలు పట్టింది. ఆ చరిత్రలో ప్రముఖంగా చెప్పుకోదగిన వ్యక్తి అమెరికాకు చెందిన మేరియన్ డోహర్టీ.

హాలీవుడ్ స్టూడియోలు నటీనటులను దీర్ఘకాలిక ఒప్పందాలతో కట్టి ఉంచిన రోజుల్లో ఎంపిక అంటే జాబితాలోంచి ఒక పేరు తీయడమే. అందగాడికి నాయక పాత్ర, భారీకాయుడికి ప్రతినాయక పాత్ర అన్నది ఆనాటి పద్ధతి. 1923లో పెన్సిల్వేనియాలో జన్మించిన డోహర్టీ నేర్చుకున్న బడి వేరు. న్యూయార్కులో ‘క్రాఫ్ట్ టెలివిజన్ థియేటర్’ వారం వారం నాటకాలను ప్రత్యక్షంగా ప్రసారం చేసేది. వారానికొక నాటకమంటే వారానికొక కొత్త నటబృందం కావాలి. ఆ అవసరమే ఆమెను నగరంలోని రంగస్థలాల వైపు నడిపించింది. చూసిన నటుల గురించి చిన్న చిన్న కార్డులపై తన అభిప్రాయాలను రాసి భద్రపరచుకునేవారు. అనంతరం ‘నేకెడ్ సిటీ’, ‘రూట్ 66’ ధారావాహికల ద్వారా ఎందరో రంగస్థల నటులకు ఆమె తెర పరిచయం కల్పించారు.

జాన్ వాయిట్ ఉదంతం ఆమె దృష్టికి నిదర్శనం. ‘నేకెడ్ సిటీ’లో ఆయన నటన ఆమెను నిరాశపరచింది. అయినా ఒక్క వైఫల్యంతో నటుని తూచకూడదని భావించి, ‘మిడ్‌నైట్ కౌబాయ్’ (1969)కు ఆయన పేరునే గట్టిగా సూచించారు. ఆ చిత్రానికి ఉత్తమ చిత్రంగా ఆస్కార్ లభించింది. వాయిట్ ఉత్తమ నటుని పురస్కారానికి పోటీలో నిలిచారు. డోహర్టీ పేరు మాత్రం ఆ తెరపై కనిపించలేదు. ‘లెథల్ వెపన్’ (1987)లో పోలీసు అధికారి పాత్రకు నల్లజాతి నటుడు డానీ గ్లోవర్‌ను సూచించిందీ ఆమే. ఆ పాత్ర ఫలానా జాతివాడని కథలో ఎక్కడా లేనప్పుడు అది శ్వేతజాతి నటునిదేనని ఎందుకు అనుకోవాలన్నదే అందులోని ప్రశ్న.

1991లో ఆమెకు ప్రత్యేక ఆస్కార్ ఇవ్వవలసిందిగా క్లింట్ ఈస్ట్‌వుడ్, అల్ పచినో వంటివారు లేఖలు రాసినా ఫలితం లేకపోయింది. 2011లో ఆమె కన్నుమూశారు. మరుసటి ఏడాది ‘కాస్టింగ్ బై’ అనే డాక్యుమెంటరీ ఆమె కృషిని లోకం ముందుంచింది. ఆస్కార్ అకాడమీ 2013లో ఈ వృత్తికి ప్రత్యేక శాఖను ఏర్పాటు చేసింది. 2025లో విడుదలైన చిత్రాలతో మొదలుపెట్టి పురస్కారం ఇవ్వనున్నట్లు 2024లో ప్రకటించింది.

రంగస్థలం నుంచి తెరకు సాగే ఈ బాట మన దేశానికీ కొత్తది కాదు. ‘బాండిట్ క్వీన్’ (1994)కు జాతీయ నాటక పాఠశాల పూర్వ విద్యార్థి తిగ్మాంశు ధూలియా పాత్రధారులను ఎంపిక చేశారు. సీమా బిశ్వాస్, మనోజ్ బాజ్‌పాయ్, సౌరభ్ శుక్లా వంటి ఢిల్లీ రంగస్థల నటులు ఆ చిత్రంలో నటించారు. తారల పేర్లతోనే చిత్రాలు రూపుదిద్దుకునే చోట నటుని వెదికి పట్టే కన్ను ఎంత అవసరమో ఆ చిత్రం నిరూపించింది. నాటకశాలలు సజీవంగా ఉన్నంతవరకే ఆ కంటికి పని ఉంటుంది. రంగస్థలాన్ని పోషించడమంటే రేపటి తెరను పోషించడమేనన్నది డోహర్టీ జీవితం చెప్పే పాఠం.